నాయన ఎన్ఎంఆర్‌లో చేసిన 19 ఏండ్లు పెన్షన్‌కి లెక్కలోకి రావా?

చిత్తూరు అమ్మాయి:
అందరికీ నమస్కారం. మా నాయన 1988 జూన్‌లో చిత్తూరులో ఒక గవర్నమెంటు ఆఫీసులో ఎన్ఎంఆర్ కింద వాచ్‌మన్‌గా చేరినాడు, దినకూలీ లెక్క, నెలాఖరుకి మస్టర్‌లో, అంటే హాజరు పుస్తకంలో సంతకం పెడితేనే డబ్బులు. 2007లో రెగ్యులర్ చేసి ప్రాన్ నంబర్ (పెన్షన్ ఖాతా నంబర్) ఇచ్చి సీపీఎస్‌లో, అంటే జీతంలో కొంత కోసి జమచేసే కొత్త పెన్షన్‌లో వేసినారు. వచ్చే డిసెంబర్‌కి 62 నిండతాయి. పాత పెన్షన్ వస్తుందా అని అడిగితే, 2004 సెప్టెంబర్ 1 తర్వాత రెగ్యులర్ అయినోళ్లకి లేదు పో అని ఒక్క మాటతో పంపించేసినారంట. ఇంటికొచ్చి అన్నం కూడా తినలేదు. 19 ఏండ్లు రాత్రిళ్లు కాపలా కాసిందంతా ఏమైపోయినట్టు? తెలిసినోళ్లు చెప్పండి.

రిటైర్డ్ సూపరింటెండెంట్, తిరుపతి:
అమ్మా, వాళ్లు చెప్పిన తేదీ కరెక్టే, కానీ కథ అక్కడితో అయిపోలేదు. 1994 ఏప్రిల్ 22న జీవో 212 వచ్చింది. 1993 నవంబర్ 25కి అయిదేండ్లు విడవకుండా చేసిన దినకూలీలని, ఖాళీ ఉండి అర్హతలుంటే, రెగ్యులర్ చెయ్యమని. మీ నాయన 88 జూన్ అంటే ఆ తేదీకి అయిదేండ్లు దాటేసినాడు కదా. మరి ఆర్డర్ 2007 దాకా ఎందుకు ఆగిందో చూడాల. ముందు రెగ్యులరైజేషన్ ప్రొసీడింగ్స్ తీసి, ఏ తేదీ నుంచి అని రాసినారో చదువు, 212 పేరు ఉందా లేదా చూడు, అంతా ఆ ఒక్క లైన్లోనే ఉంటుంది. ఆ తేదీని 2004 సెప్టెంబర్‌కి ముందుదిగా మారిస్తే 1980 పెన్షన్ రూల్స్ కిందికి, అంటే పాత పెన్షన్‌లోకి రావాలని గట్టిగా అడగొచ్చు, దాంట్లో పదేండ్ల సర్వీసు ఉంటే చాలు.

ఇంకోటి, ప్రేమ్ సింగ్ కేసులో 2019లో సుప్రీంకోర్టు, రెగ్యులర్ కాకముందు చేసిన వర్క్‌చార్జ్‌డ్ సర్వీసుని (ఒక పని ఖర్చు కింద పెట్టుకున్నోళ్ల సర్వీసుని) పెన్షన్‌కి లెక్కెయ్యాల అనింది. అది యూపీ కేసు, ఎన్ఎంఆర్‌కి అట్నే అతుకుతుందని చెప్పను, కానీ వాదించడానికి పనికొస్తుంది. వాళ్లు సుప్రీంకోర్టు ఉమాదేవి తీర్పు చూపిస్తారు, భయపడొద్దు, అది రెగ్యులర్ చెయ్యడం గురించి, మీ నాయన ఆల్రెడీ రెగ్యులర్ అయిపోయినాడు.

రిటైర్ అయ్యేలోపలే పాత మస్టర్ల కాపీలు ఆర్టీఐలో అడగండి, ఫీజు పది రూపాయలు, 30 రోజుల్లో జవాబు ఇయ్యాల. పాత రికార్డు రూముల్లో చెదలు ఎంత తినేస్తాయో నేను కండ్లారా చూసినా.

రేణిగుంట అక్క:
నాకూ ఇట్లాంటి బాధే, కానీ నాది అవుట్‌సోర్సింగ్, స్వీపర్ పని, 12 ఏండ్లు. మొదట్లో ఉన్న ఏజెన్సీ 14 నెలలు జీతంలో పీఎఫ్ పట్టుకుంది, పాస్‌బుక్ తీస్తే ఆ నెలలు ఖాళీ! మాకేమైనా పెన్షన్ ఉంటుందా సార్?

రిటైర్డ్ సూపరింటెండెంట్, తిరుపతి:
ఉంటుందమ్మా, కానీ గవర్నమెంటు పెన్షన్ కాదు, పీఎఫ్‌తో పాటు ఉండే ఈపీఎస్ 95 పెన్షన్. పదేండ్లు పడాల, 58కి వస్తుంది. లెక్క ఏమంటే జీతాన్ని సర్వీసు ఏండ్లతో గుణించి 70తో భాగించాల, జీతం 15,000 వరకే తీసుకుంటారు. 15,000 జీతం మీద పూర్తిగా 12 ఏండ్లు ఉంటే నెలకి 2,571. ఆ 14 నెలలు పోతే పదేండ్ల పది నెలలే మిగులుతాయి, కాబట్టి ఇంక ఒక్క నెల కూడా పోనీయొద్దు. జీతం స్లిప్పులు, బ్యాంకు స్టేట్‌మెంటు పెట్టుకుని పీఎఫ్ ఆఫీసుకి కంప్లైంట్ రాసివ్వు, ఏజెన్సీ కట్టకపోతే వసూలు చేసే అధికారం వాళ్లకుంది. ఏజెన్సీ మారినప్పుడల్లా కొత్త యూఏఎన్ (పీఎఫ్ ఖాతా నంబర్) ఇచ్చుంటే అన్నీ ఒకదాంట్లో కలిపించుకో.

చిత్తూరు అమ్మాయి:
సార్, రాత్రి ట్రంకు పెట్టె దించినాం. 1991 కూలీ చీటీ ఒకటి దొరికింది, కార్బన్ పేపర్ కాపీ, గుండుసూది తుప్పు మరక పడింది కానీ నాయన పేరు, 26 రోజులు అనేది బాగా కనిపిస్తా ఉంది. ప్రొసీడింగ్స్‌లో 212 ప్రకారం అనే రాసినారు, కింద మాత్రం ఆర్డర్ తేదీ నుంచి అమలు అనుంది.

రిటైర్డ్ సూపరింటెండెంట్, తిరుపతి:
ఆ చీటీ లామినేషన్ చేయించొద్దు, జిరాక్స్ తీసి ఒరిజినల్ ఇంట్లో పెట్టు. 212 ప్రకారం అనుంటే అదే మీ బలం. ఆ అమలు తేదీ మార్చమని నాయన చేత అర్జీ రాయించి, ఇన్వార్డ్ నంబర్ వేయించుకోండి. వాళ్లు కాదని రాసిచ్చినా, జవాబే ఇయ్యకపోయినా, ఆ అర్జీ కాపీతోనే హైకోర్టులో రిట్ వెయ్యొచ్చు.

చిత్తూరు అమ్మాయి:
సోమవారం నేనూ నాయనతో పోతా సార్. అర్జీ రాసినాక ఇక్కడ పెడతా, ఒకసారి చూసి చెప్పండి.