పంపు ఆన్ అవగానే ఆర్డుయినో నానో రీసెట్ అవుతోంది, శనివారమే సైన్స్ ఫెయిర్!

కుండీమొక్క:
మా వాడు తొమ్మిదో క్లాసు, మొక్కకి దానంతటదే నీళ్లు పోసే ప్రాజెక్టు పెట్టుకున్నాడు. కోఠి గుజరాతీ గల్లీకెళ్లి ఆర్డుయినో నానో (కోడ్ ఎక్కిస్తే సెన్సర్లూ మోటార్లూ నడిపే చిన్న బోర్డు) క్లోన్, అంటే వేరే కంపెనీ నకలు, మట్టి తేమ సెన్సర్, రిలే (బోర్డు సిగ్నల్‌తో పనిచేసే స్విచ్చు), బుల్లి పంపు తెచ్చాం. ముందు కోడే ఎక్కలేదు, "నాట్ ఇన్ సింక్" అని ఒకటే ఎర్రరు, కోడ్ ఎక్కించే సాఫ్ట్‌వేర్ మెనూలో ప్రాసెసర్ దగ్గర ఓల్డ్ బూట్‌లోడర్ పెడితే ఎక్కింది. ఇప్పుడు కొత్త గోల. మట్టి ఎండితే రిలే టిక్‌మంటుంది, పంపు ఒక్క క్షణం గుర్రుమంటుంది, బోర్డు లైటు ఆరి మళ్లీ మొదటికొస్తుంది, ఇక టిక్ టిక్ టిక్. క్లోన్ అవడం వల్లేనా? ఒరిజినల్ ఆర్డుయినో ఊనో బోర్డు కొనాలా, ఈఎస్పీ32 అనే వేరే రకం బోర్డుకి మారిపోవాలా?

సోల్డర్‌పొగ:
క్లోన్ పాపం ఏం చేసిందండీ. ఆర్డుయినో డిజైనే ఓపెన్ సోర్సు, 2005లో ఇటలీలోని ఇవ్రియాలో స్టూడెంట్ల కోసం మొదలైంది, ఆ బోర్డు ఎవరైనా చేసి అమ్ముకోవచ్చు, పేరూ లోగో మాత్రం వాడకూడదు. అది సరే, పంపుకి కరెంటు ఎక్కణ్ణుంచి ఇచ్చారు?

కుండీమొక్క:
బోర్డు 5 వోల్టుల పిన్ నుంచే, రిలే మీదుగా. తప్పా?

సోల్డర్‌పొగ:
అదే రోగం. మోటారు కదిలేటప్పుడు ఒక్కసారిగా మామూలు కన్నా చాలా ఎక్కువ కరెంటు లాగుతుంది, అటు యూఎస్‌బీ ఇచ్చేదే 500 మిల్లీయాంప్స్, వోల్టేజీ పడిపోయి చిప్పు రీసెట్. పొలంలో బోరు మోటారు వేస్తే బల్బు గుడ్డిగా అవుతుంది చూడండి, అచ్చం అంతే. పంపుకి వేరేగా మూడు పెన్సిల్ సెల్స్ పెట్టండి. పంపు వైర్ల మధ్య 1ఎన్4007 డయోడ్ (కరెంటుని ఒకే వైపు పోనిచ్చేది) కూడా, గీత ఉన్న వైపు ప్లస్‌కి, తిరగేసి పెడితే షార్టే.

చాక్‌పీస్:
ఫెయిర్ ముందు ఈఎస్పీ32 జోలికి పోకండి, అది 3.3 వోల్టుల బోర్డు, 5 వోల్టుల సిగ్నల్ నేరుగా ఇస్తే పిన్ను పోతుంది. మీది ఫోర్కులా రెండు కాళ్ల సెన్సరేనా? ఎప్పుడూ కరెంటులో ఉంచితే కాళ్ల పూత నల్లబడి తినేసుకుపోతుంది, మా ల్యాబులో రెండు అలాగే పోయాయి. సెన్సర్ ప్లస్‌ని బోర్డు డీ7 పిన్‌కి కలిపి, కోడ్‌లో ఆ పిన్‌ని చదివే ముందు హై (ఆన్), చదివాక లో (ఆఫ్) చేయండి.

కుండీమొక్క:
సెల్స్ పెట్టాం, రీసెట్ పోయింది! కానీ పంపు ఆగినా నీళ్లు ఆగట్లేదు, రిలే ఆఫ్‌లోనే ఉంది, కుండీ నిండి టేబుల్ మీద పారి సోషల్ నోట్సు తడిసింది, కోడ్ తప్పా?

చాక్‌పీస్:
నీళ్ల బకెట్ కుండీ కన్నా ఎత్తులో పెట్టారా?

కుండీమొక్క:
స్టూల్ మీద ఉంది.

చాక్‌పీస్:
అది సైఫన్ అండీ బాబూ, ఎత్తులో ఉన్న నీళ్లు పైపులోంచి వాటంతటవే కిందికి పారుతూనే ఉంటాయి, కోడ్ తప్పు కాదు. బకెట్ కింద పెట్టండి.