హెర్జోగ్ డాక్యుమెంటరీల్లో కల్పన: కళా, మోసమా?

రెండో_ఆట:
'లిటిల్ డీటర్ నీడ్స్ టు ఫ్లై' (1997) మళ్లీ చూశాను. లావోస్‌లో బందీ అయి తప్పించుకున్న అమెరికన్ నేవీ పైలట్ డీటర్ డెంగ్లర్ కథ. మొదట్లో ఆయన తన ఇంటి తలుపు పదే పదే తీసి వేస్తుంటాడు, చెరలో ఆ స్వేచ్ఛ లేదు కదా అని. గొంతు పట్టేసింది. తీరా చూస్తే ఆ అలవాటు ఆయనది కాదట, దర్శకుడు వెర్నర్ హెర్జోగ్ చేయించిందట! కథా చిత్రంలో ఏమైనా చేసుకోండి. డాక్యుమెంటరీ అని చెప్పి ఇదేం పని?

చీకటి_గది:
డెంగ్లర్ ఒప్పుకునే చేశాడు కదండీ. తెరిచిన తలుపుల బొమ్మలు ఆయన ఇంటి గోడల మీద నిజంగానే ఉన్నాయి. మనసులో ఉన్నదాన్ని హెర్జోగ్ కంటికి కనిపించేలా చేశాడు, అంతే. 1999లో మిన్నియాపొలిస్‌లో ఆయన చెప్పిందీ ఇదే: ఉత్త వాస్తవాలు లెక్కల గుమాస్తా సత్యం, అసలు సత్యాన్ని అందుకోవాలంటే కల్పన కావాలి. తమాషా ఏమిటంటే, కథా చిత్రం 'ఫిట్జ్‌కరాల్డో' (1982) కోసం పెరూ అడవిలో 320 టన్నుల ఓడను నిజంగానే కొండ మీదికి లాగించాడు. కథలో నిజం ఓడ, డాక్యుమెంటరీలో కట్టుకథ తలుపు. ఈయనకు ఆ గీత ఎప్పుడూ లేదు.

రెండో_ఆట:
నేను పద్దులు రాసే గుమాస్తానే, కాస్త చూసి మాట్లాడండి :) సరే, 'లెసన్స్ ఆఫ్ డార్క్‌నెస్' (1992) సంగతి? కువైట్ చమురు మంటల మీద తీసింది. మొదట్లో ఫ్రెంచ్ తత్వవేత్త పాస్కల్ మాట అని ఒక వాక్యం వేస్తాడు. అది రాసింది హెర్జోగే. దీనికి ఏ బొమ్మ సాక్ష్యం?

అనుమానం_పక్షి:
పాస్కల్‌కు పోయిందేమీ లేదులెండి. నాకు మింగుడు పడనిది 'బెల్స్ ఫ్రమ్ ది డీప్' (1993). రష్యాలో గడ్డకట్టిన సరస్సు మీద భక్తులు పాకుతూ, అడుగున మునిగిన పుణ్యనగరం కోసం చూస్తుంటారు. వాళ్లు భక్తులు కారు, డబ్బిచ్చి తెచ్చిన తాగుబోతులని హెర్జోగే చెప్పాడు. డెంగ్లర్ తన కథను తానే నటించాడు. ఇక్కడ ఆ నమ్మకం ఎవరిదో వాళ్లను అడిగిందెవరు? అదే మనిషి 'గ్రిజ్లీ మ్యాన్' (2005)లో, ఎలుగుబంట్ల మధ్య గడిపిన టిమోతీ ట్రెడ్‌వెల్ వాటి దాడిలోనే చనిపోతున్నప్పటి ఆడియో టేపు తాను విని, మనకు వినిపించలేదు. హద్దు తెలియని వాడు కాదు. అందుకే ఎక్కువ కోపం.

చీకటి_గది:
పాకే సీను మీద నా దగ్గర జవాబు లేదు. సీను మాత్రం అద్భుతం.

పాత_రీలు:
అందరూ హెర్జోగ్ గొంతును మరిచారు. ఆ జర్మన్ యాసకే 'జాక్ రీచర్' (2012)లో విలన్ వేషం వచ్చిందనుకుంటా. అదే గొంతు వెనక నుంచి చెబుతుంటే ఏదైనా నమ్మేస్తాం. ఫ్రాన్స్‌లోని ఆదిమానవుల గుహచిత్రాల మీద తీసిన 'కేవ్ ఆఫ్ ఫర్గాటెన్ డ్రీమ్స్' (2010) చివర్లో తెల్ల మొసళ్లను చూపించి, పక్కనున్న అణు విద్యుత్ కేంద్రం వల్లే అలా అయ్యాయన్నట్టు చెబుతాడు. నిజానికి అవి పుట్టుకతోనే రంగు లేని ఆలిగేటర్లు, మొసళ్లకు దగ్గరి జాతి.

రెండో_ఆట:
డీటర్ తలుపు విషయంలో సగం తగ్గాను. మొసళ్ల దగ్గర తగ్గేది లేదు. ఆ సినిమా మావాడికి నేనే చూపించాను. రేడియేషన్ తగిలితే మొసలి తెల్లబడుతుందని క్లాసులో చెప్పొచ్చాడట. వాడికి ఇవాళ ఏం చెప్పను?