ఒకే గది ఇంట్లో పొట్ట డయాలసిస్ ఎలా?

మాది ఉద్దానంలో ఒక పల్లె. నాన్నకు 54 ఏళ్లు, జీడితోటల్లో కూలీ. ఏడాదిగా వారానికి మూడుసార్లు డయాలసిస్. చికిత్స ఉచితమే, కానీ ఆ రోజు నాన్న కూలీ, తోడు వెళ్ళే అమ్మ కూలీ రెండూ పోతాయి. (ఉచితం అంటే ఇదే కాబోలు!) సాయంత్రం షిఫ్టుకు మారితే తిరుగు బస్సు లేదు. దగ్గరి కేంద్రంలో ఖాళీ లేదని రెండుసార్లు పంపేశారు. ఆటో ఖర్చు నెల కూడా భరించలేకపోయాం.

ఇప్పుడు డాక్టరు పొట్టలోకి గొట్టం ద్వారా ద్రవం ఎక్కించి, కొన్ని గంటలకు బయటకు తీసేస్తూ ఇంట్లోనే చేసుకునే పెరిటోనియల్ డయాలసిస్‌కు మారమంటున్నారు. రోజుకు నాలుగు ద్రవం సంచులు, ఒక్కోటి రెండు లీటర్లు, నెలకు 120. మాది ఒకే గది, మట్టి గోడలు, వంటా అందులోనే. గాలి వీస్తే రేకుల సందుల్లోంచి మంచం మీద దుమ్ము రాలుతుంది. పొట్టలో ఇన్ఫెక్షన్ వస్తుందేమోనని భయం.

ఇలాంటి ఇంట్లో ఈ డయాలసిస్ చేసుకుంటున్నవాళ్ళు సంచి మార్చే చోటును ఎలా ఏర్పాటు చేసుకున్నారు?