‘ది గ్రేట్ డిక్టేటర్’ తెలుగు సబ్‌టైటిల్స్ మధ్యలో తప్పుతున్నాయి, సరిచేసేదెలా?

చాప్లిన్ 1940 నాటి ‘ది గ్రేట్ డిక్టేటర్’కి తెలుగు సబ్‌టైటిల్స్ రాశాను. ఎస్‌ఆర్‌టీ ఫైల్ (మాటలూ, అవి తెరపై కనిపించే సమయాలూ ఉండే టెక్స్ట్ ఫైల్), సుమారు 900 లైన్లు. సినిమాలోని నియంత హింకెల్ ఉత్తుత్తి జర్మన్‌లో అరిచే మాటలను అనువదించలేదు, వాటికి అర్థం లేకపోవడమే అక్కడి అందం.

రాసేటప్పుడు చూసిన కాపీ సెకనుకు 25 ఫ్రేములది, నిడివి 120 నిమిషాలు. ఇప్పుడు వేయాల్సింది బ్లూరే కాపీ మీద: 23.976 ఫ్రేములు, 125 నిమిషాలు. నేరుగా వేస్తే పదో నిమిషానికే మాటలు 25 సెకన్లు ముందు వచ్చేస్తున్నాయి.

వీఎల్‌సీ ప్లేయర్‌లో డిలే మార్చాను, అంటే మాటలన్నిటినీ ఒకేలా వెనక్కి జరిపాను. ఒక సీన్ కుదిరితే తర్వాతిది చెడుతోంది. ‘సబ్‌టైటిల్ ఎడిట్’ అనే సాఫ్ట్‌వేర్‌లో ఫ్రేమ్ రేట్ 25 నుంచి 23.976కి మార్చాక చాలా వరకు సర్దుకుంది. కానీ 42వ నిమిషం దాటగానే ఒక్కసారిగా 3 సెకన్ల తేడా వస్తోంది, గంటన్నర తర్వాత అది 5 సెకన్లవుతోంది. మొదటి, చివరి డైలాగుల సమయాలు సరిపెట్టి మిగతావి వాటిని బట్టి జరిగేలా పాయింట్ సింక్ చేస్తే మధ్య భాగమంతా పాడైంది.

నాకు అన్నిటికన్నా ముఖ్యం చివరి ప్రసంగం. నియంత అనుకుని వేదిక ఎక్కించిన మంగలి నోరు విప్పే ఆ ఘట్టంలో ఒక్క వాక్యం కూడా ముందే కనిపించకూడదు. ఈ ఆదివారం ఇంగ్లీష్ రాని మా నాన్నకి చూపించాలి, టెన్షన్‌గా ఉంది.

ఇలా అక్కడక్కడా తేడా మారిపోయే ఫైల్‌ని, ఒక్కో లైన్ చేత్తో జరపకుండా, సినిమా ఆడియోని బట్టి ముక్కలుముక్కలుగా సరిచేసే ఉచిత సాఫ్ట్‌వేర్ ఏదైనా మీరు వాడారా?