కొడుక్కి గిఫ్టు రాసిన ఇల్లు వెనక్కి వస్తుందా? ఆర్డీవో దగ్గర ఏమని అడగాలి?

సంపెంగ:
మధురవాడలో ఉండే మా పెద్దమ్మకి 72 ఏళ్లు. 2019లో ఇల్లు చిన్నకొడుకు పేర గిఫ్టు రిజిస్ట్రేషన్ చేసింది. ఇప్పుడు అతను ఖర్చులకి ఇవ్వట్లేదు, పైగా కింది వాటా ఖాళీ చెయ్యమంటున్నాడు. పెద్దకొడుకు హైదరాబాదులో, కూతురు గాజువాకలో ఉంటారు. సోమవారం గ్రీవెన్సులో అర్జీ ఇచ్చాం, రసీదు తప్ప కదలిక లేదు. ఎక్కడికెళ్లాలి?

లాసన్స్‌బే:
గ్రీవెన్సు అర్జీ కింది ఆఫీసుకి బదిలీ అవుతుందంతే, అది కేసు కాదు. 2007 తల్లిదండ్రుల పోషణ చట్టం కింద ట్రిబ్యునల్‌గా కూర్చునేది ఆర్డీవో. మధురవాడ విశాఖ డివిజన్లో లేదు, భీమిలి డివిజన్లో ఉంది. కాబట్టి అర్జీ భీమిలి ఆర్డీవోకి రాయండి. కూతురుండే గాజువాకను బట్టి విశాఖ డివిజన్లోనూ వేయొచ్చు గానీ, ఆ వయసులో ఆవిడకి ఏది దగ్గరైతే అదే మేలు.

ప్రతివాదులుగా ముగ్గురినీ పెట్టండి. చట్టం దృష్టిలో కూతురూ బాధ్యురాలే. చిన్నకొడుకు ఒక్కడినే పెడితే, ‘అన్న, అక్క సంగతేంటి’ అని వాళ్లని చేర్చమంటాడు, రెండు వాయిదాలు దానికే పోతాయి. కోడలిని మాత్రం ఇందులోకి లాగకండి, పోషణ బాధ్యుల నిర్వచనంలో ఆమె లేదు.

అర్జీతో ఆధార్, గిఫ్టు దస్తావేజు నకలు, తాజా ఈసీ (ఆ ఆస్తి మీద ఏయే రిజిస్ట్రేషన్లు జరిగాయో చూపే పత్రం), బ్యాంకు పాస్‌బుక్కు, నెల ఖర్చుల చిట్టా జతచేయండి. ‘మందులు 3,200, గ్యాసు, పాలు, కరెంటు...’ అని విడివిడిగా రాస్తేనే ఆర్డర్లో అంకె నిలబడుతుంది. ‘సరిపడా ఇప్పించండి’ అంటే తోచినంత వేస్తారు. ఈ చట్టం కింద గరిష్ఠం నెలకి 10,000. అంతకు మించి కావాలంటే బీఎన్ఎస్ఎస్ (పాత సీఆర్పీసీ స్థానంలో వచ్చిన చట్టం) సెక్షన్ 144 కింద ఫ్యామిలీ కోర్టుకి వెళ్లాలి. రెండింట్లో ఒక్కదాన్నే ఎంచుకోవాలి.

నోటీసు అందినప్పటి నుంచి 90 రోజుల్లో తేల్చాలి, మరీ తప్పనిసరైతే ఇంకో 30. ఈలోగా మధ్యంతర భృతి కూడా అర్జీలోనే అడగండి. అడక్కపోతే ఎవరూ గుర్తుచేయరు.

దస్తావేజు మిత్ర:
ఇల్లు వేరే అంశం, అదే 2007 చట్టంలో సెక్షన్ 23. పోషణ అడిగితే ఇల్లు దానంతటదే రాదు. ‘గిఫ్టు చెల్లదని ప్రకటించి స్వాధీనం ఇప్పించండి’ అని ప్రత్యేకంగా కోరాలి. అంతా దస్తావేజులో ఏం రాశారన్న దాని మీదే ఉంది. చూసుకుంటారన్న షరతు అందులో ఉందా?

సంపెంగ:
‘నా జీవితాంతము నా మంచిచెడ్డలు చూచుకొనగలవన్న నమ్మకముతో, ప్రేమాభిమానములచేత దఖలుపరచినాను’ అని ఉంది. చివర ‘రద్దు చేయు హక్కు నాకు లేదు’ అని కూడా.

దస్తావేజు మిత్ర:
ఆ చివరి వాక్యం చూసి భయపడకండి, దస్తావేజు రైటర్లు ప్రతి గిఫ్టులోనూ అలవాటుగా కొట్టే లైనే. అసలు పట్టు ‘నమ్మకముతో’ అన్న మాట దగ్గరుంది. 2022లో సుదేశ్ ఛికారా కేసులో సుప్రీంకోర్టు షరతు ఉండి తీరాలంది, ఉత్త ప్రేమాభిమానాలు చాలవంది. 2025 జనవరిలో ఊర్మిళా దీక్షిత్ కేసులో మాత్రం చట్టాన్ని పెద్దల పక్షాన ఉదారంగా చదవాలని చెప్పి గిఫ్టు రద్దుచేసింది, స్వాధీనం ఇప్పించే అధికారమూ ట్రిబ్యునల్‌కి ఉందంది. ఆ కేసులో గిఫ్టు రోజునే కొడుకు రాసిచ్చిన హామీపత్రం ఉంది. మీ ఇంట్లోనూ బీరువా వెతకండి. అదే రోజు తెల్లకాగితం మీద అగ్రిమెంటు లాంటిదేదైనా దొరికితే అర్జీకి బలం. ఏమీ లేకపోతే దస్తావేజులోని వాక్యాన్ని యథాతథంగా దింపి, దాన్ని షరతుగా చూడమని కోరండి. గ్యారంటీ మాత్రం ఎవరూ ఇవ్వలేరు.

ఆర్డర్ వస్తే సర్టిఫైడ్ కాపీ సబ్‌రిజిస్ట్రార్‌కిచ్చి ఈసీలో కనబడుతోందో లేదో చూసుకోండి. ఈసీ క్లీన్‌గా ఉంటే కొనేవాడికి గొడవ తెలీదు.

లాసన్స్‌బే:
భృతి చేతికి కాకుండా ఆవిడ ఖాతాలోనే, నెలలో ఫలానా తేదీలోగా వేయాలని ఆర్డర్లో రాయించండి. చేతికిస్తే ‘ఇచ్చాను’, ‘ఇవ్వలేదు’ అన్న తగువే మిగులుతుంది. డబ్బు ఆపితే వారెంటు అడగొచ్చు, ఒక నెల వరకు జైలు పడొచ్చు. కానీ బకాయి పడ్డ తేదీ నుంచి 3 నెలల్లో అడగాలి. ‘పాపం కొడుకే కదా’ అని ఊరుకుంటే ఆ నెలల డబ్బుకి వారెంటు రాదు. ఆర్డర్ నచ్చకపోతే 60 రోజుల్లో కలెక్టర్‌కి అప్పీలు.

ఈలోపు సామాను బయటపడేసే పరిస్థితి వస్తే 14567కి ఫోన్ చేయండి, పెద్దల హెల్ప్‌లైన్ అది.