మూకీ షార్ట్ ఫిల్మ్‌లో పని చప్పుడు ఉంచాలా, తీసేయాలా?

కొత్తరీలు:
ఓ కుర్రాడు వడ్రంగి పని నేర్చుకోవడం మీద షార్ట్ ఫిల్మ్ తీస్తున్నాం. మాటలు లేవు. మూకీ అన్నాక రంపం చప్పుడు కూడా వద్దు, సంగీతం ఒక్కటే చాలంటున్నాడు మా ఎడిటర్. నాకు మనసొప్పడం లేదు. మీరేమంటారు?

పాతతెర:
ఎడిటర్ మాటే రైటు. 1895 డిసెంబర్ 28న పారిస్‌లో, తొలినాటి సినిమాలు తీసిన లూమియేర్ సోదరులు టికెట్ పెట్టి వేసిన ఆటలో కమ్మరి పని మీద కూడా ఓ బిట్ ఉంది. నిమిషం కూడా ఉండదు. సుత్తి దెబ్బ వినపడదు, అయినా ఎంత బలంగా పడిందో చూస్తేనే తెలిసిపోతుంది. చప్పుడు లేనప్పుడే చూపు చేతుల మీద నిలుస్తుంది.

చిత్రిక:
పాతతెర గారూ, ఇది పని చేయడం గురించిన కథ కాదు, నేర్చుకోవడం గురించిన కథ. వడ్రంగి పని చాలావరకు చెవితోనే పట్టుబడుతుంది. చిత్రిక పట్టేటప్పుడు, అంటే చెక్కను నున్నగా చెక్కేటప్పుడు, చెక్కలోని నార గీత వెంట పోతే సర్రుమని ఒకే జోరున సాగుతుంది, పొట్టు రిబ్బన్‌లా చుట్టుకుంటూ లేస్తుంది. గీతకు ఎదురు పోతే కరకరమంటూ తట్టుకుంటుంది, చెక్క పెచ్చులు లేస్తుంది. మేస్త్రి అటు తిరిగి తన పని చేసుకుంటూనే ఆ తేడా పట్టేస్తాడు.

కుర్రాడికి ఆ చెవి రావడమే అసలు కథ. మొదట్లో కరకర వినపడగానే మేస్త్రి చెయ్యి ఆగుతుంది, కుర్రాడికి ఎందుకో తెలియదు. తర్వాతెప్పుడో మేస్త్రి తలెత్తకముందే కుర్రాడే ఆగి, చెక్కను తిప్పి పెట్టుకుంటాడు. ఒక్క మాట అక్కర్లేదు. అక్కడ వయొలిన్ వేస్తే వాడెందుకు ఆగాడో ఎవరికి తెలుస్తుంది?

పాతతెర:
ఆ సీనుకు చప్పుడు కావాలి, సరే. సినిమా అంతా ఉంచితే మాత్రం అది మూకీ కాదు, డైలాగుల్లేని మామూలు సినిమా.

చిత్రిక:
1987లో వచ్చిన 'పుష్పక విమానం'లో చప్పుళ్లూ ఉన్నాయి, సంగీతమూ ఉంది. మాటలు మాత్రమే లేవు. దాన్ని మూకీ అని చెప్పుకునేవాళ్లు ఎంతోమంది. పైగా ముందు నుంచీ వినకపోతే ఆ ఒక్క సీనులో తేడా ప్రేక్షకుడి చెవికి ఆనదు.

కొత్తరీలు గారూ, కుర్రాడు పాడుచేసిన చెక్కలన్నిటినీ మాంటేజ్‌లో, అంటే చిన్న చిన్న షాట్లు వరుసగా పేర్చి, గబగబా దాటేయకండి. చిత్రిక ఈ చివర నుంచి ఆ చివరికి పోవడం ఒక్కసారైనా కట్ లేకుండా చూపించండి. మైకు చెక్కకు దగ్గరగా పెట్టి చప్పుడు విడిగా రికార్డ్ చేసుకోండి. సంగీతం టైటిల్స్ దగ్గర వేసుకోవచ్చు.