మైన్‌క్రాఫ్ట్ నెదర్‌లో వై 15 దగ్గర ఎంత తవ్వినా ఏన్షియంట్ డెబ్రీ పడట్లేదు, ఎక్కడ తేడా కొడుతోంది?

గడ్డపార_గురు:
మైన్‌క్రాఫ్ట్ జావా 1.21, సర్వైవల్. వరల్డ్ మాత్రం 2019 నాటిది, అప్‌డేట్ చేసుకుంటూ వస్తున్నదే. డైమండ్ సెట్ పూర్తిగా ఉంది, పికాక్స్‌కి ఎఫిషియెన్సీ 4, ఫార్చ్యూన్ 3. నెదర్ (లావా నిండిన కింది లోకం) పోర్టల్ పక్కనుంచే వై 15 ఎత్తులో సొరంగం కొడుతున్నా, నెదరైట్ లోహానికి ముడిసరుకైన డెబ్రీ ఒక్కటి కూడా లేదు. బెడ్లతో పేల్చడం మంచిదా, టీఎన్‌టీనా? మొత్తం నెదరైట్ సెట్‌కి డెబ్రీ ఎన్ని కావాలి? స్మితింగ్ టేబుల్‌లో మూడో గడి ఒకటి కనిపిస్తోంది, అందులో ఏం పెట్టాలి? పాత వీడియోల్లో రెండే గడులు ఉన్నాయి.

బసాల్ట్_బాబాయ్:
తవ్వే పద్ధతి సంగతి తర్వాత, ముందు తవ్వే చోటు చూసుకోండి. డెబ్రీ 2020 జూన్‌లో వచ్చిన 1.16తో మొదలైంది. అంతకుముందే తయారైపోయిన చంక్‌లలో (గేమ్ వరల్డ్‌ని తయారుచేసే 16x16 బ్లాకుల ముక్కలు) అది ఉండదు, గేమ్ ఎన్నిసార్లు అప్‌డేట్ చేసినా వచ్చి చేరదు. పోర్టల్ చుట్టుపక్కలంతా 2019లో తిరిగిన నేలే అయ్యుంటుంది. ఎఫ్3 నొక్కి బయోమ్ (ఆ నేల రకం) చూస్తూ దూరంగా వెళ్లండి. క్రిమ్సన్ ఫారెస్ట్, వార్ప్‌డ్ ఫారెస్ట్, సోల్ శాండ్ వ్యాలీ, బసాల్ట్ డెల్టాస్, వీటిలో ఏది కనిపించినా కొత్త నేల మొదలైనట్టే. అక్కడి నుంచి తవ్వండి.

ఇక లెక్క. ప్రతి చంక్‌లో గేమ్ రెండుసార్లు డెబ్రీ పెట్టడానికి చూస్తుంది. ఒకటి వై 8 నుంచి ఇరవై పైచిలుకు దాకా, మూడు బ్లాకుల వరకు గుంపుగా, 15 చుట్టుపక్కల ఎక్కువగా. రెండోది 8 నుంచి 119 మధ్య ఎక్కడైనా, రెండు బ్లాకుల వరకు. గాలి తగిలే చోట అసలు పుట్టదు, కాబట్టి గుహల్లో తిరుగుతూ గోడలు చూసుకుంటూ పోవడం శుద్ధ దండగ. ఖనిజం ఎక్కువ రాల్చే ఫార్చ్యూన్ దీనిమీద పనిచేయదు. పికాక్స్ డైమండ్‌దో నెదరైట్‌దో అయి తీరాలి. ఐరన్‌తో పగలగొడితే బ్లాకు పోతుంది, చేతికి ఏమీ రాదు.

నా ఓటు బెడ్‌కే. మూడు ఉన్నులు, మూడు చెక్కలు, అంతే ఖర్చు. నెదర్‌లో బెడ్ మీద పడుకోబోతే టీఎన్‌టీ కన్నా గట్టిగా పేలుతుంది. రెండు బ్లాకుల ఎత్తు సొరంగంలో ఎదురుగా మూడు గడులు ఖాళీ చేయండి. దూరపు రెండు గడుల్లో బెడ్, మీకు దగ్గరగా ఉన్న గడిలో కింద ఒక కాబుల్‌స్టోన్. ఆ రాయి మీదుగా చూస్తూ బెడ్‌ని నొక్కండి. రాయి అడ్డు లేకపోతే డైమండ్ ఆర్మర్ ఉన్నా ప్రాణం మీదికొస్తుంది. నెదర్‌రాక్ (అక్కడి మామూలు రాయి) ఎగిరిపోతుంది, డెబ్రీకి మాత్రం గీత కూడా పడదు. పక్కలు గోధుమ రంగు, పైన చుట్టలు చుట్టలుగా గీతలు ఉంటే అదే. ఒకటి దొరికాక దాని చుట్టూ, మూలల్లో కూడా, ఒక్కో బ్లాకు తీసి చూడండి. జతది మూలన నక్కి ఉంటుంది.

పేల్చేముందు ఫైర్ రెసిస్టెన్స్ తాగండి. ఆక్వర్డ్ పోషన్‌లో మాగ్మా క్రీమ్ వేస్తే 3 నిమిషాలు, దానికి రెడ్‌స్టోన్ కలిపితే 8 నిమిషాలు. నెదర్‌లో లావా మామూలు ప్రపంచంలో కన్నా వేగంగా పారుతుంది, బకెట్ నీళ్లు పోద్దామంటే అక్కడ నిలవవు. 31 కంటే కింద లావా సముద్రాలు ఉంటాయి, వాటి కిందికి సొరంగం పోనివ్వకండి.

సల్ఫర్‌సీను:
బాబాయ్ చెప్పింది కరెక్టే, బెడ్ దగ్గర మాత్రం ఒప్పుకోను. బెడ్లు ఒకదానిమీద ఒకటి పేర్చుకోవు, ఒక్కో స్లాట్‌కి ఒక్కటే. ఇన్వెంటరీ సగం అవే తినేస్తాయి. టీఎన్‌టీ ఒక స్లాట్‌లో 64 పడతాయి. ఒక్కోదానికి 5 గన్‌పౌడర్, 4 ఇసుక. క్రీపర్ ఫారం ఉన్నవాడికి ఇదే లాభం. లేనివాడు మాత్రం బెడ్లే చూసుకోవాలి, గన్‌పౌడర్ కోసం రాత్రిళ్లు క్రీపర్ల వెంట తిరిగే ఓపిక ఎవరికి ఉంటుంది?

ముందు సొరంగం తిన్నగా చివరిదాకా కొట్టేయండి. వెనక్కి వస్తూ మూడు నాలుగు బ్లాకులు వదిలి ఒక్కో టీఎన్‌టీ పెట్టండి. ఆఖరిది వెలిగించి వెనక్కి పరిగెత్తండి, 4 సెకన్లు టైం ఉంటుంది. మిగతావి ఒకదాని నుంచి ఇంకోటి అంటుకుంటాయి. అంతకన్నా దూరం పెడితే గొలుసు మధ్యలో తెగుతుంది. పక్కపక్కనే పెడితే అన్నీ ఒకే గుంతలో పేలి వేస్ట్. బసాల్ట్ డెల్టాస్‌లో ఏ పేలుడైనా దండగే, బసాల్ట్, బ్లాక్‌స్టోన్ రెండూ మొండివి.

గడ్డపార_గురు:
బయోమ్ చూశాను, ఇటంతా నెదర్ వేస్ట్స్ అనే వస్తోంది. దూరం వెళ్తాను. లెక్క, మూడో గడి సంగతి కూడా ఎవరైనా చెప్తారా?

పిగ్లిన్_పాలెం:
ఒక నెదరైట్ ఇంగాట్‌కి 4 స్క్రాప్, 4 బంగారు ఇంగాట్లు. డెబ్రీని కాల్చితే స్క్రాప్ వస్తుంది, ఒకదానికి ఒకటే. మామూలు కొలిమిలో 10 సెకన్లు, బ్లాస్ట్ ఫర్నేస్‌లో 5. నాలుగు ఆర్మర్ ముక్కలు, అయిదు పనిముట్లు కలిపి 9 ఇంగాట్లు, అంటే 36 డెబ్రీ, 36 బంగారం. ఆర్మర్ ఒక్కటే చాలనుకుంటే 16, 16. హో (పార) మీద ఇంగాట్ తగలేయడం అడ్వాన్స్‌మెంట్ కోసమైతే తప్ప నాకు అర్థం కాదు.

అదనంగా వచ్చిన ఆ గడిలో, అంటే ఎడమ చివరి దాంట్లో, పెట్టాల్సింది నెదరైట్ అప్‌గ్రేడ్ టెంప్లేట్. 2023 జూన్‌లో వచ్చిన 1.20 నుంచి ఇది తప్పనిసరి, మీరు చూసిన వీడియోలు అంతకు ముందువి. బాస్టియన్ రెమ్నంట్ (నెదర్‌లో పిగ్లిన్లు ఉండే పాడుబడ్డ కోట) పెట్టెల్లోనే దొరుకుతుంది. ట్రెజర్ రూమ్ ఉన్న బాస్టియన్‌లో ఖాయం, మిగతా రకాల్లో పెట్టెకి పదిశాతం అవకాశం. ఇవి కూడా కొత్త చంక్‌లలోనే, బసాల్ట్ డెల్టాస్‌లో ఉండవు. బంగారు హెల్మెట్ ఒకటి తలకి పెట్టుకుంటే మామూలు పిగ్లిన్లు ఊరుకుంటాయి, కానీ పెట్టె తెరిచినా, బంగారం తవ్వినా మీద పడతాయి. బ్రూట్ అనే పిగ్లిన్ రకం అయితే మీరేం వేసుకున్నా కొడుతుంది.

ఒక్కో అప్‌గ్రేడ్‌కి ఒక టెంప్లేట్ ఖర్చయిపోతుంది. అందుకే దొరికిన మొదటిదాన్ని వెంటనే వాడొద్దు, ముందు కాపీ చేసుకోండి. క్రాఫ్టింగ్ టేబుల్‌లో పై వరుస మధ్యలో టెంప్లేట్, నట్టనడుమ నెదర్‌రాక్, మిగతా ఏడు గడుల్లో డైమండ్లు పెడితే రెండు వస్తాయి. ఒక్కదానితో మొదలుపెట్టి తొమ్మిది చేయాలంటే 56 డైమండ్లు. డెబ్రీ కన్నా ఇదే చేతికి బరువు, ఆ ఫార్చ్యూన్ పికాక్స్ ఇక్కడ పనికొస్తుంది.

ఎన్‌చాంట్‌మెంట్లు పోతాయేమోనని భయం వద్దు, అలాగే ఉంటాయి. నేనైతే ముందు పికాక్స్ చేస్తాను, విరిగేలోపు వాడకం 1561 సార్ల నుంచి 2031కి పెరుగుతుంది. తర్వాత ఆర్మర్. ఒక్కో ముక్కకి పదిశాతం చొప్పున, దెబ్బ తగిలినప్పుడు వెనక్కి ఎగిరిపడటం తగ్గుతుంది.

చిన్నోడు_ఎంసీ:
ఆ సెట్ వేసుకుంటే లావాలో ఈదొచ్చా అన్నా? నేను ఫోన్‌లో ఆడతాను, ఎఫ్3 లేదు.

పిగ్లిన్_పాలెం:
ఈదలేవు తమ్ముడూ, కాలిపోతావు. లావాలో కాలకుండా పైన తేలేది కింద పడిన నెదరైట్ వస్తువు మాత్రమే. దాన్ని తీసుకురావడానికి కూడా ఫైర్ రెసిస్టెన్స్ తాగాల్సిందే. ఫోన్‌లో వరల్డ్ సెట్టింగ్స్‌లో షో కోఆర్డినేట్స్ ఆన్ చెయ్, మధ్యలో ఉన్న అంకె వై. దానివల్ల అచీవ్‌మెంట్లు ఆగిపోవు.